బావి గోడ మీద రొట్టె మూట

యుద్ధ విమానం నడపడమంటే మబ్బుల్లో హాయిగా తేలిపోవడమని ఎవరైనా అంటే నాకు ఒళ్ళు మండుతుంది. మొన్నటి ఆదివారం జహీరాబాద్‌లో, హైవే పక్కనున్న ఫంక్షన్ హాలులో మా శ్రావణికి సన్మానం జరిగింది. శ్రావణి నా చిన్నకొడుకు కూతురు. బీదర్‌లో జెట్ విమానం మీద శిక్షణ పొందుతోంది. బీదర్ మాకు ఎంతో దూరం కాదు కనుక సెలవు దొరికితే ఇంటికి వచ్చి పోతుంటుంది. శాలువా కప్పిన పెద్దమనిషి మైకు వదలకుండా, "మన బిడ్డ పక్షిలాగా, దూదిపింజలాగా ఆకాశంలో హాయిగా విహరిస్తున్నది" అన్నాడు. అక్కడితో ఆపినా బాగుండేది. "ఎడ్ల వెనక నడిచిన వంశం. వేగమంటే ఏమిటో ఆ ఇంట్లో ఇంతకుముందు ఎవరికీ తెలియదు" అని కూడా అన్నాడు. ముందు వరుసలో ఉన్న నేను లేవబోయాను. శ్రావణి వేదిక మీది నుంచి కళ్ళతోనే కూర్చోమంది. మనవరాలి సన్మానం పాడు చేయడం ఎందుకని కూర్చున్నాను గానీ, పెట్టిన మిఠాయి నోట పెట్టలేదు.

నేను నాలుగో తరగతి దాటినవాణ్ణి కాదు. ఆ తర్వాత చదివిందంతా పాత కాగితాలు కొనే రద్దీ దుకాణంలో తూకానికి కొన్న పుస్తకాల్లోనే. తెలుగులో దొరికితే తెలుగులో, లేకపోతే నిఘంటువు పక్కన పెట్టుకుని ఇంగ్లీషులో. మోటారుసైకిళ్ళు బాగుచేస్తూ, గ్రీజు చేతులు తుడుచుకుంటూ చదివాను. అందుకే టీవీలో కుర్రవాడొకడు జెట్టు విమానం బొమ్మ చూపించి "రయ్యిన దూసుకుపోతుంది" అని చేతులు ఊపేస్తే నాకు కోపం వస్తుంది. దూసుకుపోవడం అందులో పెద్ద విషయమేమీ కాదు. ముందునుంచి గాలి మింగి, నూనె పోసి మండించి, ఆ మండిన గాలిని వెనక్కి తన్నుతుంది. వెనక్కి ఎంత గట్టిగా తన్నితే ముందుకు అంత గట్టిగా పోతుంది. తిన్నగా పోతున్నంతసేపూ లోపలి మనిషికి ఏమీ తెలియదు, బస్సులో కూర్చున్నట్టే ఉంటుంది. అసలు సంగతంతా మలుపులో ఉంది. గాల్లో రోడ్డు లేదు, చక్రానికి పట్టు లేదు, హ్యాండిల్ తిప్పితే తిరిగేది కాదు. విమానం ముందు ఒక పక్కకు వాలాలి, రెక్క మీద నిలబడ్డట్టు వాలాలి. అప్పుడు నడిపే మనిషి చేతిలోని కర్రను తన వైపు లాక్కుంటే, ఇంతసేపూ పైకి మోసిన రెక్కలే ఇప్పుడు పక్కకు లాగుతాయి. ముక్కు తిరుగుతుంది. ఆ తిరిగేటప్పుడు లోపలి మనిషి బరువు మూడింతలు, నాలుగింతలు, ఇంకా పైన అవుతుంది. తల ఎత్తలేడు. చెంపలు కిందికి జారతాయి. చెయ్యి తన చెయ్యిలా ఉండదు. దూదిపింజట, దూదిపింజ! అది జొన్న బస్తాలు నెత్తికెత్తుకుని సన్నటి గట్టు మీద పరుగెత్తడం.

ఇదంతా పుస్తకంలో చదివి చెప్పడం లేదు. పుస్తకం తర్వాత వచ్చింది. ముందు నా ఒంటికి తెలిసింది.

సన్మానం అయ్యాక ఇంటికి వచ్చాం. కోడలు జొన్న రొట్టె, పుంటికూర పప్పు పెట్టింది. శ్రావణి రొట్టె తుంచి, వేళ్ళ మధ్య నలిపి, కంచం పక్కకు జరిపింది. చుట్టాలందరూ ముందుగదిలో శాలువాతో ఫోటోలు దిగుతున్నారు. నేను పక్కన కూర్చుని, "ఏంది బిడ్డా, మీ అమ్మ చేతి రుచి మరిచినవా?" అన్నాను.

"రేపు పొద్దుగాల ఫ్లయింగ్ ఉన్నది తాతా. ఇప్పుడొద్దు."

"ఫ్లయింగ్ ఉన్నదని తినకుంట కూసున్నవా? తినకుండ ఎట్ల ఎగురుతవు?"

ముందుగది వైపు చూసి గొంతు తగ్గించింది. "కడుపుల ఏదన్న ఉంటే పైన కక్కుడొస్తది. అందుకే ఈ నడుమ తినకుండనే పోతున్న. ఇగో, నాయినకు చెప్పకు. గట్టిగ మలిపినప్పుడు నాకు రంగులు పోతున్నయ్ తాతా. అంతా బూడిద లెక్క అయితది. చుట్టూరంగ చీకటొచ్చి గొట్టంలకెల్లి చూసినట్టు అయితది. రెండుసార్లు వెనక సీట్ల ఉన్న సార్ విమానం తన చేతిలకు తీసుకున్నడు. బుధవారం ఇంకోపారి చూస్తడు. గప్పుడు గూడ గిట్లనే అయితే నన్ను పెద్ద విమానాల మీదికి పంపిస్తరు. గవి గూడ మంచియే. కని నాకు ఇదే కావాలె తాతా."

శాలువా కప్పించుకుని వచ్చిన పిల్ల ఆ మాట చెప్పి, నలిపిన రొట్టె ముక్కలను కంచం అంచుకు నెట్టింది. బూడిద రంగు, గొట్టంలోంచి చూడటం. ఆ రెండు మాటలు వినగానే నా ముక్కుకు పెట్రోలు వాసన, తడి చెక్కల వాసన, కుసుమ నూనెలో వేగిన ఎండు మిరపకాయ వాసన ఒక్కసారే తగిలాయి. అవి రాయికోడ్ జాతర వాసనలు.

మా ఊరు న్యాల్‌కల్ దిక్కున ఉంది. ఇంటి వెనక నల్లరేగడి, ఇంటి ముందు ఎర్రమట్టి. జొన్న, కంది, కుసుమ వేసేవాళ్ళం. అమ్మను మేం అవ్వ అని పిలిచేవాళ్ళం. తెల్లారకముందే అవ్వ రొట్టెలు తట్టే చప్పుడుకు ఇల్లు లేచేది. పీట మీద అరచేయి పడే ఆ చప్పుడు ఆగిందంటే రొట్టె పెనం మీదికి చేరిందన్నమాట. పిడకల పొగ, కాలిన జొన్నపిండి వాసన పశువుల కొట్టం దాకా వెళ్ళేవి. నాయిన మొదటి రొట్టె తాను తినేవాడు కాదు. సగానికి విరిచి ఎద్దులకు చెరొక ముక్క పెట్టి, వాటి మెడల కింద గోకి, అప్పుడు వచ్చి కూర్చునేవాడు. తలకు ఎర్ర రుమాలు చుట్టేవాడు. ఆ రుమాలు లేకుండా ఆయన్ను ఊళ్ళో ఎవరూ చూడలేదు. మాట తక్కువ. ఒకసారి అన్న మాటను మార్చడం ఆయనకు రాదు. ఆ గుణమే నాకూ వచ్చిందని నా భార్య బతికున్నంత కాలం అంటూనే ఉండేది.

మీసాలు మొలుస్తున్న వయసులో నన్ను జహీరాబాద్‌లో సైకిలు దుకాణంలో పనికి పెట్టారు. రాయికోడ్ జాతరకు 'మౌత్ కా కువా', అంటే చావు బావి, వచ్చింది. కొత్తవాళ్ళకు చెప్పాలి. నిలువు చెక్కలతో కట్టిన గుండ్రటి బావి అది. నీళ్ళుండవు. జనం మెట్లెక్కి పై అంచున నిలబడి లోపలికి చూస్తారు. కింద మోటారుసైకిలు స్టార్టు చేసి, ముందు ఏటవాలు పలకల మీద తిరిగి, వేగం అందుకుని, నిలువు గోడ మీదికి ఎక్కి, నేలకు అడ్డంగా పడుకున్నట్టు చుట్లు తిరుగుతారు. దాన్ని నడిపేది ఉద్గీర్ నుంచి వచ్చిన లతీఫ్ ఉస్తాద్. ఆయన బండికి గొలుసు తెగితే మా దుకాణానికి వచ్చింది. బాగుచేసి, ఇవ్వడానికి నేనే పోయాను. పోయినవాణ్ణి గోడ మీద తిరుగుతున్న ఉస్తాద్‌ను చూసి తిరిగి రాలేదు. సంగతి విని నాయిన జాతర దాకా వచ్చాడు.

"పదిమంది ముంగట గోడలెక్కెటోడు నా కొడుకు గాదు. గీ తమాషా చేసేదుంటే నా ఇంటి రొట్టె ముట్టకు" అన్నాడు.

"ముట్ట. ఇగ ముట్టనే ముట్ట" అన్నాను నేను.

ఆయనా మాట మార్చడు, నేనూ మార్చను. అంతే. బండ్ల మీద చెక్కలు ఎక్కించుకుని భాల్కి, హుమ్నాబాద్, ఉద్గీర్ తిరిగాను. మొదట సైకిలు మీద ఏటవాలు పలకలు, తర్వాత మోటారుసైకిలు, తర్వాత నిలువు గోడ. మొదటి రోజుల్లో గోడెక్కితే కడుపులో ఉన్నదంతా బయటికి వచ్చేది. జనం ముందు ఆ సిగ్గు పడలేక తినకుండా ఎక్కడం మొదలుపెట్టాను. కక్కుడు ఆగింది. రంగులు పోయాయి. రెండో చుట్టుకు అంచున కట్టిన ఎర్ర జెండా తెల్లబారి బూడిద రంగుకు తిరిగేది, పక్కలనుంచి చీకటి మూసుకొచ్చేది. నెత్తురు కాళ్ళలోకి దిగిపోయి కళ్ళకు అందడం లేదని తర్వాత పుస్తకంలో చదివాను. అప్పుడు మాత్రం నాకు చూపు పోతోందనుకున్నాను.

ఉస్తాద్‌కు చెప్పలేదు. ఆయనే కనిపెట్టాడు. "పిక్కలు బిగియ్. తొడలు బిగియ్. పేట్ బిగియ్. ఊపిరి పట్టి జర జర ఇడువు" అని నా కడుపు మీద గుద్ది మరీ నేర్పాడు. దాంతో సగం రంగులు తిరిగి వచ్చాయి. మిగతా సగం రాలేదు. ఏడాది తిరిగి మళ్ళీ రాయికోడ్ జాతరకు వచ్చేసరికి నేను చీపురు పుల్లలా ఉన్నాను. ఉస్తాద్ నా రెక్క పట్టి చూసి అడిగాడు.

"ఏం తిన్నవ్ బేటా?"

"చాయ్ తాగిన."

"ఖాలీ పేట్‌తోని కువాల దిగుతున్నవా? ఎన్ని దినాల సంది? నీ ఇల్లు ఈడనే గద, ఇంట్ల రొట్టె లేదా?"

"ఉన్నది. నేను ముట్ట."

ఉస్తాద్ గట్టిగా నవ్వాడు. నవ్వి, ఆ రోజే న్యాల్‌కల్ దిక్కు పోతున్న గాజుల మల్లమ్మతో మా ఇంటికి కబురు పెట్టాడు. ఆ కబురు ఇది: "నీ కొడుకు తినకుండ గోడెక్కుతుండు. రొట్టెలన్న తీస్కరా, లేకుంటె కొడుకునన్న తీస్కపో."

మరునాడు నన్ను గోడెక్కనివ్వనన్నాడు. కాళ్ళావేళ్ళా పడితే, మధ్యాహ్నం ఆటకు ఒక్కసారి సరేనన్నాడు. ఇంటి నుంచి ఎవరూ రాకపోతే సాయంత్రం నుంచి నా పని బండ్లు తుడవడమేనని తేల్చి చెప్పాడు. బండి స్టార్టు చేసినప్పుడు నాకు తెలుసు, అదే ఆఖరు ఆట కావచ్చునని. పలకలు దాటి గోడ అందుకున్నాను. జాతర చూడటానికి వచ్చినవాళ్ళకు ఒక సరదా ఉండేది. రూపాయి నోటు వేళ్ళ మధ్య పట్టుకుని చెయ్యి లోపలికి చాస్తారు. మేం అంచు దాకా ఎక్కి ఎడమ చేత్తో లాక్కుంటాం. ఆ రోజూ చేతులు చాచారు. రెండో చుట్టుకు జెండా బూడిద రంగైంది. మూడో చుట్టులో చాచిన చేతుల మధ్య ఒక చెయ్యి వింతగా కనిపించింది. ఆ చేతిలో నోటు లేదు. తెల్లగుడ్డ మూట వేలాడుతోంది. పైన బూడిద రంగు రుమాలు. మనిషిని గుర్తుపట్టలేదు. మూట ముడిని గుర్తుపట్టాను. చివరలు రెండూ లోపలికి దోపి, చెవి ఆకారంలో వేసే ఆ ముడి మా అవ్వ తప్ప ఎవరూ వెయ్యరు.

మెట్లెక్కి వచ్చిన నాయిన, అందరూ చేతులు చాచి ఏదో ఇస్తుంటే గోడ మీది మనిషికి ఏదైనా ఇవ్వడం ఇలాగే కాబోలు అనుకున్నాడు. తన వంతు తానూ చాచాడు. కిందికి దిగేదాకా ఆగాలని ఆయనకు తోచలేదు. మాట మార్చని మనిషి మెట్లెక్కాడంటే, ఇక ఆగే ఓపిక ఆయనకు ఎక్కడిది? "మాణిగా, పట్టుకో!" అని అరిచాడు కూడా. ఇంజను మోతలో నాకు పెదాలు కదలడమే కనిపించింది.

పట్టుకోకుండా ఒక చుట్టు పోయాను. పట్టుకుంటే పడతానేమోనన్నది ఒక భయం. పట్టుకోకపోతే ఆయన మళ్ళీ చెయ్యి చాచడన్నది ఇంకో భయం. రెండో భయమే పెద్దది. పిక్కలు బిగించి, కడుపు బిగించి, అంచు దాకా ఎక్కి, మూటను ముడి దగ్గర అందుకున్నాను. అందుకోగానే చెయ్యి నాది కాకుండా పోయింది. నాలుగు రొట్టెలు, ఉల్లిగడ్డ, పల్లీల కారం. ఇంట్లో చిన్నపిల్ల కూడా ఎత్తే బరువు. గోడ మీద అది మూడింతలై, నా చేతిని గోడ వైపుకు ఈడ్చింది. బండి ఒక్క జానెడు జారింది. పైన ఆడవాళ్ళు కెవ్వుమన్నారు. మూటను పెట్రోలు ట్యాంకు మీద పెట్టి పొట్టతో అదిమి, ఊపిరి బిగబట్టి మళ్ళీ నా చుట్టు దారి అందుకున్నాను. ఆ తర్వాత ఎలా దిగానో గుర్తులేదు గానీ, దిగాక మెట్ల దగ్గర నిలబడ్డ రుమాలు ఎర్రగా ఉండటం మాత్రం బాగా గుర్తుంది.

చెక్కలకు ఆనుకుని కూర్చుని రెండు రొట్టెలు తిన్నాను. నాయిన ఎదురుగా గొంతుక్కూర్చుని, నేను నమిలేది చూస్తూ ఉన్నాడు. ఏడాది తర్వాత నా చెవికి చేరిన ఆయన మొదటి మాట ఇది:

"ఓరి మాణిగా, మూట పట్టుకోంగనే నీ చెయ్యెందుకు గట్ల గోడ దిక్కు గుంజుకపోయిందిరా? గంత బరువేం లేకుండె గద."

అంతమంది చూశారు. నేను జారడమే అందరూ చూశారు. చెయ్యి బరువెక్కడం చూసింది ఆయన ఒక్కడే. నాకు ఎంత గర్వంగా అనిపించిందో ఇప్పటికీ చెప్పలేను. నేను ఉస్తాద్ చెంబులో నిండా నీళ్ళు నింపి, తాడు కట్టి, నెత్తి మీదుగా గిర్రున తిప్పాను. చుక్క కింద పడలేదు. "చూసినవా నాయినా? తిరుగుతుంటే నీళ్ళు చెంబు అడుగుకు అతుక్కుంటయ్. నేను గూడ గట్లనే గోడకు అతుక్కుంట. నాతోని ఉన్నదంత బరువైతది" అన్నాను. ఆయన చెంబు తీసుకుని తానూ తిప్పాడు. నెత్తి మీదికి వచ్చేసరికి, పడుతుందో ఏమోనని అనుమానం వచ్చి చెయ్యి నెమ్మది చేశాడు. చెంబెడు నీళ్ళూ రుమాలు మీద పడ్డాయి.

"పైన ఆగొద్దు సాబ్! ఆగితెనే పడ్తది" అని ఉస్తాద్ పొట్ట పట్టుకుని నవ్వాడు.

"గది ముందుగాల చెప్పాలె గదవయ్యా" అన్నాడు నాయిన, ముక్కు మీది నుంచి నీళ్ళు కారుతుండగా. ఆయన నవ్వడం నేను చూసిన కొద్దిసార్లలో అదొకటి.

సరిగ్గా అప్పుడే బీదర్ దిక్కు నుంచి ఒక జెట్టు వచ్చింది. జాతర మీదుగా పక్కకు వాలి, రెక్క మీద నిలబడ్డట్టు మలుపు తిరిగి, వచ్చిన దారినే పోయింది. చప్పుడు తర్వాత వచ్చింది. అంతకుముందు పొలంలో ఎన్నిసార్లు చూశామో! చప్పుడుకు ఎద్దులు బెదిరితే తిట్టుకోవడం తప్ప దాని గురించి ఏమీ ఆలోచించలేదు. ఆ రోజు ఇద్దరం దాని వాలు చూశాం. నాయిన తడి రుమాలు పిండుకుంటూ చాలాసేపు పైకే చూసి అడిగాడు:

"ఆడు గూడ గట్లనే తిరుగుతుండు గద. మరి ఆని రొట్టె ఎంత బరువుంటదిరా?"

నేను పుస్తకాలు వెతకడం మొదలుపెట్టింది ఆ ప్రశ్న కోసమే. జాతర ముగిసేదాకా నాయిన రోజూ రొట్టెలు తెచ్చాడు. కింద నిలబడి ఇచ్చేవాడు, మళ్ళీ ఎప్పుడూ పైనుంచి చాచలేదు. రంగులు మళ్ళీ పోలేదు. తమాషా అన్న మాట ఆయన నోట మళ్ళీ రాలేదు. అంగడిలో ఎవరైనా వెక్కిరిస్తే "నువ్వు చెంబు తిప్పి చూపియ్యి, తర్వాత మాట్లాడు" అనేవాడట. ఇప్పుడు నా మనవరాలికి శాలువా, మైకు, మిఠాయి. మంచిదే, ఆమెకు దక్కాల్సిందే. మా కాలంలో మాకు శాలువా ఎవరూ కప్పలేదు. కానీ ఈ ఇంట్లో వేగమంటే తెలిసినవాళ్ళు లేరని మాత్రం ఎవరూ అనకూడదు. ఒంటి బరువు మూడింతలైనా బండి వదలని వంశం మాది.

ఇదంతా ఆ ఆదివారం మధ్యాహ్నం శ్రావణికి చెప్పాను. చెంబు తిప్పి కూడా చూపించబోతే కోడలు లాక్కుంది. శ్రావణి గోడకు జారబడి వింది. "పిక్కలు, తొడలు, కడుపు బిగబట్టుడు మాకు గూడ గదే నేర్పిస్తరు తాతా. నెత్తురు కాళ్ళలకు దిగకుంట గాలితో ఉబ్బే పాంటు ఇస్తరు" అంది.

"మరి కడుపు సంగతి?"

"డాక్టర్ గూడ ఎన్నోసార్లు చెప్పింది, ఖాళీ కడుపుతోని పోవద్దని. నేనే ఇనలే."

"అంటే నేను కొత్తగ చెప్పిందేం లేదు?"

"లేదు తాతా. కని డాక్టర్ ముత్తాత రొట్టెల మూట గురించి చెప్పలే గద." పక్కకు జరిపిన కంచాన్ని ముందుకు లాక్కుంది. సాయంత్రం బీదర్ బయలుదేరేటప్పుడు కోడలితో రొట్టెలు కట్టించుకుంది. పలుచగా, ఎండుగా చేయించింది, నాలుగు రోజులు నిలిచేలా. ముడి మాత్రం నేనే వేశాను, మా అవ్వ వేసినట్టు.

బుధవారం పొద్దుట నుంచి నేను ఫోను పక్కనే కూర్చున్నాను. కొడుకు అడిగాడు, ఎవరి ఫోను కోసమని. చెప్పలేదు. మధ్యాహ్నానికి మోగింది.

"తాతా, రంగులు పోలే. ఎర్రది ఎర్రగనే ఉన్నది."

నేను ఫోను రెండో చెవికి మార్చేలోపే ఆమే మళ్ళీ అంది. "రొట్టె విమానంలకు తీస్కపోనియ్యరు. అందుకని పొద్దుగాలనే కడుపుల పెట్టుకొని పోయిన. కడుపుల ఉన్నదానికి రూలు లేదు."

"మరి ఎంత బరువైంది బిడ్డా?"

"ఐదింతలు."

ఫోను పెట్టి వాకిట్లోకి వచ్చాను. బీదర్ దిక్కున ఆకాశం ఖాళీగా, నీలంగా ఉంది. అటు తిరిగి, పక్కింటివాళ్ళు వింటారేమోనని కూడా చూడకుండా, గట్టిగానే చెప్పాను:

"నాయినా, ఐదింతలంట."